ఏంజెల్స్ లాండింగ్ శిఖరం: తరచుగా అడిగే ప్రశ్నలు

ఏంజెల్స్ లాండింగ్ అంటే ఏమిటి? అది ఎక్కడ ఉంది?

అమెరికాలోని యూటా రాష్ట్రానికి నైరుతి మూలన జయాన్ నేషనల్ పార్కు ఉంది. ఆ పార్కులోని ప్రధాన లోయలో నిట్టనిలువుగా లేచిన ఇసుకరాతి శిఖరమే ఏంజెల్స్ లాండింగ్. సముద్రమట్టం నుంచి లెక్కిస్తే దీని ఎత్తు 5,790 అడుగులు, అంటే 1,765 మీటర్లు. లోయ అడుగు నుంచి లెక్కిస్తే 1,488 అడుగులు. ఎక్కదలచినవారు గుర్తుపెట్టుకోవలసింది ఈ రెండో అంకెనే. చుట్టుపక్కల దీన్ని మించిన కొండలు చాలా ఉన్నాయి. నదికి ఆవలి ఒడ్డున ఉన్న గ్రేట్ వైట్ థ్రోన్ ఎత్తు 6,744 అడుగులు. అయినా పార్కుకు వచ్చేవారి నోట ముందుగా వినిపించే పేరు ఇదే, ఎందుకంటే ఇది ఒక్క వైపున మాత్రమే పెద్ద కొండకు అంటుకుని, మిగతా వైపులన్నీ తెగిపోయి, లోయ నడుమకు పొడుచుకొచ్చిన సన్నని రాతి గోడ. వర్జిన్ నది దాని పాదాన్ని చుట్టి మలుపు తిరిగి వెళ్తుంది.

ఈ పేరు ఎలా వచ్చింది?

1916లో ఫ్రెడరిక్ వైనింగ్ ఫిషర్ అనే మెథడిస్టు మతబోధకుడు స్థానికుడైన క్లాడ్ హిర్షీతో కలిసి ఈ లోయ చూడడానికి వచ్చాడు. ఈ శిఖరం మీదికి మనుషులు ఎక్కలేరని, దేవదూతలు మాత్రమే వాలగలరని ఆయన అన్న మాట పేరుగా స్థిరపడింది. పదేళ్లకే మనుషుల కోసం దారి చెక్కేశారు కనుక ఆ జోస్యం ఫలించలేదు, పేరు మాత్రం మిగిలింది. అంతకుముందు దీన్ని టెంపుల్ ఆఫ్ ఏయోలస్ అని పిలిచేవారు. ఏయోలస్ గ్రీకు పురాణాల్లో గాలులకు అధిపతి. మన మాటల్లో చెప్పాలంటే వాయుదేవుడి గుడి. నన్నడిగితే ఆ పాత పేరే దీనికి ఎక్కువ నప్పుతుంది. కారణం కింద, రాయి గురించిన ప్రశ్నలో తెలుస్తుంది.

లోయ పేరుకూ ఇలాంటి కథే ఉంది. ఇక్కడి మూలవాసులైన సదరన్ పాయూట్ ప్రజల మాటను అనుసరించి 1909లో అధ్యక్షుడు టాఫ్ట్ దీన్ని ముకుంతువీప్ నేషనల్ మాన్యుమెంట్‌గా ప్రకటించాడు. మార్మన్ వలసదారులు బైబిల్ నుంచి తెచ్చిపెట్టిన జయాన్ అనే పేరు 1918లో అధికారికమైంది. 1919 నవంబరు 19న ఇది నేషనల్ పార్కు అయింది.

ఎడారి అంటున్నారు, ఫొటోల్లో మాత్రం నది, పచ్చని చెట్లు కనిపిస్తున్నాయి. ఏది నిజం?

రెండూ నిజమే. మొహావీ ఎడారి, గ్రేట్ బేసిన్ ఎడారి, కొలరాడో పీఠభూమి కలుసుకునే చోట ఈ పార్కు ఉంది. లోయలో ఏడాదికి కురిసే వాన సుమారు 400 మిల్లీమీటర్లు మాత్రమే. కరవుకు పేరుపడ్డ మన అనంతపురంలో కూడా ఇంతకంటే ఎక్కువే కురుస్తుంది. వర్జిన్ నదికి నీరు ఉత్తరాన ఉన్న ఎత్తయిన పీఠభూముల మీద కురిసే మంచు నుంచి, వాన నుంచి వస్తుంది. దానితోపాటు ఇసుకరాయి కూడా నీటిని దాచుకుంటుంది. పైన ఇంకిన నీరు రాతి రేణువుల సందుల్లోంచి దిగుతూ దిగుతూ, కింద ఉన్న కయెంటా అనే, నీరు సులువుగా ఇంకని పొరను దాటలేక, పక్కకు మళ్లి కొండ గోడలోంచి చెమ్మగా కారుతుంది. వీపింగ్ రాక్ అనే చోట ఇలా కారే నీటిలో కొంత వెయ్యేళ్లకు పైగా రాతిలోనే ప్రయాణించిందని పార్కువారు చెబుతారు. ఆ చెమ్మ ఉన్నంత మేర రాతి గోడకు ఫెర్ను మొక్కలు వేలాడుతుంటాయి. నాలుగు గజాలు పక్కకు వెళితే నాగజెముడు జాతి మొక్కలు కనిపిస్తాయి.

ఈ శిఖరం ఏ రాయితో తయారైంది?

నావహో ఇసుకరాయితో. సుమారు 18–19 కోట్ల సంవత్సరాల క్రితం, డైనోసార్లు తిరిగే జురాసిక్ యుగపు తొలి భాగంలో, ఈ ప్రాంతమంతా ఇసుక దిబ్బల ఎడారి. నేటి యూటా, అరిజోనా, నెవాడా, కొలరాడో, వయోమింగ్ రాష్ట్రాల్లో విస్తరించిన ఆ ఇసుక సముద్రం భూమి చరిత్రలో ఇప్పటిదాకా ఆనవాళ్లు దొరికిన అతి పెద్ద ఎడారుల్లో ఒకటి. అంత ఇసుక ఎక్కడి నుంచి వచ్చిందన్నది ఆసక్తికరమైన విషయం. ఇసుకలో కలిసి ఉండే జిర్కాన్ అనే ఖనిజపు రేణువుల వయసు లెక్కగట్టిన భూగర్భ శాస్త్రజ్ఞులు, అందులో పెద్ద భాగం ఖండానికి తూర్పు కొసన ఉన్న అపలాచియన్ పర్వతాలు అరిగి, నదుల మీదుగా పడమటికి కొట్టుకొచ్చి, అక్కడి నుంచి గాలికి ఇటు చేరినదని తేల్చారు.

ఆ దిబ్బలు ఒకదాని మీద ఒకటి పేరుకుని, ఆ తరవాత వచ్చిన ఇతర పొరల బరువుకు అణిగి, భూగర్భ జలంలోని సున్నపు పదార్థం, ఇనుప ఆక్సైడు వంటివి రేణువులను అతికించడంతో రాయిగా మారాయి. జయాన్‌లో ఈ పొర మందం కొన్ని చోట్ల 2,000 అడుగులు దాటుతుంది. ఆ పైన కొలరాడో పీఠభూమి మొత్తం మెల్లగా పైకి లేచింది. వాలు పెరిగిన కొద్దీ నది వేగం పుంజుకుని రాతిని కోసుకుంటూ కిందికి దిగింది. రాతిలో నిలువుగా ఏర్పడిన పగుళ్ల వెంట బండలు బండలుగా విరిగిపడగా, రెండు పగుళ్ల నడుమ విరగకుండా నిలిచిన పలకల్లో ఒకటి ఏంజెల్స్ లాండింగ్.

దారిలో ఎక్కడైనా ఆగి రాతి గోడను దగ్గరగా చూడండి. ఒక పొర ఎడమకు వాలి ఉంటే దాని మీది పొర కుడికి వాలి ఉంటుంది. గాలి దిశ మారినప్పుడల్లా దిబ్బ వాలు మారిన గుర్తులివి. అరచేతితో రాస్తే బొంబాయి రవ్వలాంటి సన్నని ఇసుక చేతికి అంటుతుంది. గాలి పోసిన కొండ కనుకనే దీన్ని వాయుదేవుడి గుడి అనడం నాకు సబబనిపిస్తుంది.

కింద ఎర్రగా, పైన తెల్లగా ఎందుకు ఉంటుంది?

రేణువులకు పట్టిన అతి పలచని ఇనుప ఆక్సైడు పూత వల్ల ఎరుపు వచ్చింది. తరవాతి కాలంలో పై పొరల గుండా ప్రవహించిన ద్రవాలు ఆ ఇనుమును కరిగించి తీసుకుపోయిన చోట రాయి తెల్లబడింది.

ఇది మన గండికోట లాంటిదేనా?

చూపుకు పోలిక ఉంది, రాతికి అంతగా లేదు. గండికోట దగ్గర పెన్నా నది కోసిన గోడలు కూడా ఒకప్పటి ఇసుకే అయినా, వాటి వయసు వంద కోట్ల ఏళ్లు దాటింది. ఆ ఇసుక గట్టిపడి గట్టిపడి క్వార్ట్‌జైట్ అయింది. సుత్తితో కొడితే మోగే రాయి అది. నావహో ఇసుకరాయి దానితో పోలిస్తే పసిది, మెత్తనిది. గండికోట అంచున నిలబడి లోయలోకి చూసినవారు, ఆ లోతును నాలుగైదు రెట్లు చేసి, నిలుచున్న బండకు అటూ ఇటూ రెండు వైపులా అదే లోతు ఉన్నట్టు ఊహించుకుంటే ఈ శిఖరం ఎలాంటిదో కొంత అందుతుంది.

కొండ మీదికి దారి ఎవరు వేశారు?

1926లో పార్కు సిబ్బంది రాతిని తొలిచి ఈ దారి వేశారు. పార్కుకు తొలి సూపరింటెండెంటుగా పనిచేసిన వాల్టర్ రూష్ పేరు మీద, కొండ చీలికలో ఒకదానిపై ఒకటిగా పేర్చినట్టుండే 21 మలుపుల భాగాన్ని వాల్టర్స్ విగిల్స్ అంటారు. తిరుమల ఘాట్ రోడ్డు మలుపులను నాలుగైదు అడుగుల వెడల్పుకు కుదించి, వాటన్నిటినీ ఒకే చీలికలో ఇరికిస్తే ఎలా ఉంటుందో అలా ఉంటాయి ఆ మలుపులు. కింద నుంచి చూస్తే రాళ్లు పేర్చిన ప్రహరీగోడల వరసలే తప్ప దారి కనిపించదు.

మొత్తం ఎంత దూరం? ఎంత సేపు పడుతుంది?

గ్రాటో అనే బస్సు స్టాపు నుంచి శిఖరానికి వెళ్లి రావడానికి 5.4 మైళ్లు, అంటే 8.7 కిలోమీటర్లు. పార్కువారు నాలుగు గంటలని చెబుతారు. చివర్లో పట్టుకుని ఎక్కే గొలుసుల దగ్గర రద్దీ ఉంటే ఇంకా ఎక్కువే పడుతుంది. నది మీది వంతెన దాటాక మొదట కొండ ముఖాన ఎండలో వంపులు తిరుగుతూ ఎక్కాలి. తరవాత రెండు ఎత్తయిన గోడల నడుమ రెఫ్రిజిరేటర్ కేన్యన్ వస్తుంది. పేరుకు తగ్గట్టు వేసవిలో కూడా అక్కడ చల్లగానే ఉంటుంది. అందులో మెక్సికన్ మచ్చల గుడ్లగూబలు నివసిస్తాయి కనుక గట్టిగా మాట్లాడవద్దని సూచిస్తారు. దాన్ని దాటగానే వాల్టర్స్ విగిల్స్, ఆ పైన స్కౌట్ లుకౌట్ అనే చదునైన చోటు. అక్కడిదాకా దారి చాలావరకు గట్టిగా పరిచినదే. ఆయాసం తప్ప భయం ఉండదు.

గొలుసులు పట్టుకుని ఎక్కే చివరి భాగం నిజంగా ఎలా ఉంటుంది?

స్కౌట్ లుకౌట్ తరవాత మిగిలేది సుమారు అర మైలు. ఆ అర మైలు కోసమే ఈ ప్రశ్నలన్నీ వస్తాయి. దారి అక్కడి నుంచి కొండ వెన్నెముక మీదుగా సాగుతుంది. కొన్ని చోట్ల ఆ వెన్నెముక కొద్ది అడుగుల వెడల్పే ఉంటుంది, పక్కన లోతు వెయ్యి అడుగుల దాకా ఉంటుంది. రాతిలోకి దిగగొట్టిన ఇనుప గుంజలకు గొలుసులు బిగించి ఉంటాయి, కానీ అన్ని చోట్లా ఉండవు. గొలుసు లేని చోట రాతిలో చెక్కిన మెట్లు, వేళ్లకు దొరికే అంచులే ఆధారం. ఏళ్ల తరబడి వేలాది అడుగులు పడి రాయి నున్నబడింది; ఆ నునుపు మీద రాలిన ఇసుక రేణువులు బూటు కింద ఆవాలు చల్లినట్టు జారతాయి. గొలుసు పట్టు దొరికిందన్న ధీమాతో కాలు ఎక్కడ పెడుతున్నామో చూడకపోవడం ఇక్కడ జరిగే పెద్ద పొరపాటు.

ఇక రెండో సంగతి: ఎక్కేవారికీ దిగేవారికీ ఇదొక్కటే దారి. గొలుసు కూడా ఒక్కటే. ఎదురుగా పదిమంది దిగుతుంటే, వెడల్పుగా ఉన్న చోట పక్కకు ఒదిగి, వారు వెళ్లేదాకా ఆగవలసిందే. తొందరపడి గొలుసు వదిలి అంచు వైపు నుంచి దాటిపోయేవారు ప్రతి రోజూ ఒకరిద్దరైనా కనిపిస్తారు. వారిని చూసి మీరు కదలవద్దు.

ఎత్తంటే భయం ఉన్నవారు స్కౌట్ లుకౌట్‌లో కూర్చుని, ఎదురుగా గొలుసుల వెంట కదిలే మనుషులను పది నిమిషాలు చూస్తే, వెళ్లాలో మానాలో వారి మనసే చెబుతుంది. ఎక్కడం కన్నా దిగడం కష్టం కనుక, సగం దారిలో మొదలైన వణుకు తిరుగు దారిలో రెట్టింపవుతుంది. వెనుదిరగాలనిపిస్తే మొదటి గొలుసు దగ్గరే వెనుదిరగడం అన్ని విధాలా మేలు.

ఇక్కడ ప్రాణాపాయం ఉందా?

ఉంది. 2000వ సంవత్సరం నుంచి ఈ దారిలో పడి చనిపోయినవారు పది మందికి పైనే ఉన్నారు. ఏటా ఎక్కే లక్షల మందితో పోలిస్తే ఆ సంఖ్య చిన్నదే అయినా, ఇక్కడ జారితే గాయంతో బయటపడే అవకాశం చాలా చోట్ల లేదు.

పర్మిట్ తప్పనిసరా? ఎలా సంపాదించాలి?

2022 ఏప్రిల్ 1 నుంచి, స్కౌట్ లుకౌట్ దాటి గొలుసుల భాగంలో అడుగు పెట్టాలంటే ప్రతి ఒక్కరికీ పర్మిట్ ఉండాలి. రద్దీ రోజుల్లో గొలుసుల దగ్గర మనుషులు గంటల తరబడి బారులు తీరడంతో ఈ పద్ధతి పెట్టారు. పర్మిట్లు లాటరీలో ఇస్తారు, లాటరీలు రెండు రకాలు. మొదటిది సీజను లాటరీ: కొన్ని నెలల ముందే రిక్రియేషన్ డాట్ గవ్ సైటులో దరఖాస్తు చేసుకుని, మీకు వీలైన తేదీలు, వేళలు ఏడింటి వరకు ప్రాధాన్య క్రమంలో ఇవ్వవచ్చు. రెండోది ముందురోజు లాటరీ: ఎక్కదలచిన రోజుకు ముందురోజు అర్ధరాత్రి దాటాక తెరుచుకుని మధ్యాహ్నం 3 గంటలకు మూసుకుంటుంది, సాయంత్రం 4 గంటలకు ఫలితం తెలుస్తుంది.

దరఖాస్తు రుసుము 6 డాలర్లు; ఒక్క దరఖాస్తులో ఆరుగురి వరకు చేర్చవచ్చు. లాటరీ తగిలితే తలకు మరో 3 డాలర్లు చెల్లించాలి. తగలకపోతే 6 డాలర్లు తిరిగి రావు. వేళలు మూడు: ఉదయం 9 లోపు, 9 నుంచి 12 వరకు, 12 తరవాత. అందరూ ఉదయం వేళనే కోరుకుంటారు కనుక పోటీ అక్కడే ఎక్కువ. వసంతంలోనో శరదృతువులోనో వెళ్లేవారికి మధ్యాహ్నం వేళ కూడా బాగానే ఉంటుంది. దారిలో రేంజర్లు పర్మిట్ అడుగుతారు. కొండ మీద సిగ్నల్ ఉంటుందన్న నమ్మకం పెట్టుకోకుండా ముందే ఫోనులో భద్రపరచుకోవడమో, కాగితం మీద అచ్చు తీసుకోవడమో చేయండి.

లాస్ వేగాస్ నుంచి వచ్చేవారు ఒక సంగతి మరచిపోతుంటారు. యూటా గడియారం నెవాడా కంటే గంట ముందుంటుంది. వేగాస్ హోటల్లో మధ్యాహ్నం రెండున్నరకు తీరిగ్గా దరఖాస్తు తెరిస్తే, అప్పటికి అర గంట క్రితమే లాటరీ మూతపడి ఉంటుంది.

ఇండియా నుంచి అమ్మానాన్నలు వచ్చారు. వారిని తీసుకెళ్లవచ్చా?

జయాన్‌కు తప్పక తీసుకెళ్లండి. లోయలో బస్సెక్కి కిటికీలోంచి చూసినా కడుపు నిండే చోటు అది. నది ఒడ్డున సాగే రివర్‌సైడ్ వాక్ చదునుగా, నీడగా ఉంటుంది, మోకాళ్ల నొప్పులున్నవారూ మెల్లగా నడవవచ్చు. రోజూ నడిచే అలవాటున్న పెద్దవారు తీరిగ్గా, ఆగి ఆగి, స్కౌట్ లుకౌట్ దాకా రాగలరు. అలిపిరి మెట్లు ఎక్కిన ధైర్యంతో గొలుసుల భాగానికి తీసుకెళ్లాలనుకోవడం మాత్రం సరికాదు. అలిపిరిలో మెట్లున్నాయి, పక్కన గోడ ఉంది, ఇక్కడ ఆ గోడ లేదు. చిన్నపిల్లల విషయంలోనూ అదే మాట.

రుసుముల సంగతి కూడా చెప్పుకోవాలి. 2026 జనవరి నుంచి జయాన్‌తో సహా 11 పార్కుల్లో, అమెరికా నివాసులు కానివారు, 16 ఏళ్లు నిండి వార్షిక పాస్ లేకపోతే, మామూలు ప్రవేశ రుసుముకు తోడు తలకు 100 డాలర్లు అదనంగా చెల్లించాలి. పర్యాటక వీసా మీద వచ్చిన తల్లిదండ్రులకు ఇది వర్తిస్తుంది. రెండు మూడు పార్కులు చూపించే ఆలోచన ఉంటే పాస్ ధరతో పోల్చి లెక్క చూసుకోవడం మంచిది.

దారి మొదలయ్యే చోటికి కారులో వెళ్లవచ్చా?

షటిల్ బస్సులు నడిచే కాలంలో వెళ్లలేరు. 2000 నుంచి, వసంతం మొదలు శరత్తు చివరిదాకా లోయలోని రోడ్డు మీద సొంత కార్లకు ప్రవేశం లేదు. విజిటర్ సెంటర్ దగ్గర గానీ, పక్కనే ఉన్న స్ప్రింగ్‌డేల్ ఊళ్లో గానీ కారు నిలిపి ఉచిత బస్సు ఎక్కి, ఆరో స్టాపైన గ్రాటోలో దిగాలి. లాస్ వేగాస్ నుంచి పార్కుకు సుమారు 160 మైళ్లు.

ఏ నెలలు మంచివి?

ఏప్రిల్, మే, సెప్టెంబరు చివర, అక్టోబరు. జూన్ నుంచి ఆగస్టు దాకా ఎండ 38 డిగ్రీల సెల్సియస్ దాటడం మామూలే; మే నెల విజయవాడ చూసినవారికి ఇదేం ఎండ అనిపించవచ్చు గానీ, ఉక్కపోత లేని ఆ పొడి వేడిలో చెమట పట్టిన వెంటనే ఆరిపోయి, ఒంట్లో నీరు ఎంత పోతున్నదో తెలియదు. చలికాలంలో రెఫ్రిజిరేటర్ కేన్యన్‌లోనూ, వాల్టర్స్ విగిల్స్‌లోనూ ఎండ తగలక మంచు గడ్డకడుతుంది. బూట్లకు ఇనుప పళ్ల పట్టీలు తగిలించుకోకుండా వెళ్లకూడదు.

వాన పడితే ఏం చేయాలి?

జులై మధ్య నుంచి సెప్టెంబరు దాకా మధ్యాహ్నాలు ఉరుములతో వానలు వస్తాయి. ఉరుము వినిపిస్తే గొలుసుల భాగంలోకి వెళ్లకూడదు: ఎత్తున, బట్టబయలు కొండ కొమ్మున, చేతిలో ఇనుప గొలుసుతో ఉండడం పిడుగును పిలిచి కూర్చోబెట్టడమే. పైగా తడిసిన ఇసుకరాయి జారుడుగా మారడమే కాకుండా బలం కూడా కోల్పోతుంది. తాళ్లతో రాతి గోడలు ఎక్కే క్లైంబర్లు వాన వెలిసి రాయి లోపలిదాకా ఆరేవరకు ఎక్కకపోవడానికి కారణం అదే.

వెంట ఏమేం తీసుకెళ్లాలి?

గ్రాటో దగ్గరే నీళ్లు నింపుకోవాలి, ఆ తరవాత దారిలో నీళ్లు దొరకవు. వేసవిలో మనిషికి మూడు లీటర్లు ఎక్కువేమీ కాదు. నదిలో 2020లో విషపూరితమైన సయనోబ్యాక్టీరియా బయటపడింది కనుక ఆ నీరు తాగే ఆలోచన పెట్టుకోవద్దు. అడుగున పట్టున్న బూట్లు ముఖ్యం. చెప్పులతో వచ్చేవారిని చూసి ధైర్యం తెచ్చుకోవద్దు. చేతులు రెండూ ఖాళీగా ఉండాలి కనుక సీసా, ఫోను, కెమెరా అన్నీ వీపు సంచిలోకి వెళ్లాలి. పులిహోర పొట్లం తీసుకెళితే స్కౌట్ లుకౌట్‌లో విప్పుకోండి. అక్కడి చిప్‌మంక్ ఉడుతలు సంచి జిప్పు తీసేదాకా కూడా ఆగవు, కానీ వాటికి ఒక్క మెతుకు కూడా పెట్టకూడదు, అది నిషేధం. డ్రోన్లకు, కుక్కలకు కూడా ఇక్కడ అనుమతి లేదు.

తల మీద తిరిగే ఆ పెద్ద పక్షులు రాబందులా?

వాటిలో కొన్ని కాలిఫోర్నియా కాండర్లు కావచ్చు. రెక్కలు చాపితే తొమ్మిదిన్నర అడుగుల దాకా ఉండే ఈ పక్షులు 1980లలో అంతరించే దశకు వచ్చి రెండు డజన్లలోపుకు పడిపోయాయి. మిగిలినవాటిని పట్టి, బోనుల్లో పిల్లలు చేయించి, 1996 నుంచి అరిజోనా ఉత్తర భాగాన మళ్లీ వదలడం మొదలుపెట్టారు. ఆ కార్యక్రమం మొదలయ్యాక పుట్టిన వెయ్యో పిల్ల 2019లో జయాన్ కొండ గోడల్లోని గూటిలోనే కళ్లు తెరిచింది. రెక్క మీద అంకె రాసిన బిళ్ల కనిపిస్తే అది కాండరే.

పర్మిట్ రాలేదు. వెళ్లడం దండగేనా?

స్కౌట్ లుకౌట్‌కు పర్మిట్ అక్కర్లేదు, నా ఉద్దేశంలో అదే చక్కని గమ్యం. అక్కడి నుంచి వెస్ట్ రిమ్ ట్రెయిల్ మీద ఇంకొంత ఎక్కితే రద్దీ తగ్గి, ఏంజెల్స్ లాండింగ్ మొత్తం ఆకారం కంటికి ఆనుతుంది. 6,508 అడుగుల ఎత్తున్న అబ్జర్వేషన్ పాయింట్ నుంచైతే శిఖరం కాళ్ల కింద కనిపిస్తుంది. లోయ నుంచి అక్కడికి వెళ్లే పాత దారి 2019లో కొండ చరియ విరిగిపడి మూతపడినా, తూర్పు వైపున ఈస్ట్ మెసా మీదుగా చేరవచ్చు. అదీ కుదరకపోతే సాయంత్రం బిగ్ బెండ్ స్టాపులో దిగి నది మలుపు దగ్గర నిలబడండి. తలెత్తి చూస్తే, ఎర్రటి గోడ అంచున, గొలుసు వెంట చీమల బారులా మనుషులు కదులుతుంటారు. బైనాక్యులర్ ఉంటే వారిలో ఎవరు ముందుకు వెళ్తున్నారో, ఎవరు బండను కరచుకుని ఆగిపోయారో కూడా తెలుస్తుంది.